చెవి మేస్త్రి మాట

ఆ కోల్డ్ స్టోరేజీలో ఆయన్ని పేరు పెట్టి పిలిచేవాళ్లు లేరు. ఎదుటపడితే మేస్త్రిగారూ అనేవాళ్లు, ఆయన అటు తిరగ్గానే చెవి మేస్త్రి అనేవాళ్లు. ఆయనకి ఆ చాటుపేరే ఎక్కువ ఇష్టం. విననట్టు నటించి, విని, లోలోపల పొంగిపోయేవాడు.

చెవులు పెద్దవని పెట్టిన పేరు కాదది. ఆయన చొక్కా జేబులో పొడుగాటి స్క్రూడ్రైవర్ ఒకటి ఎప్పుడూ ఉండేది. నడుస్తున్న కంప్రెసర్ ఒంటికి దాని మొన ఆనించి, చెక్క పిడిని చెవి వెనకాల ఎముకకి అదిమిపెట్టి, కళ్లు మూసుకుని నిలబడేవాడు. అప్పుడు చుట్టుపక్కల ఎవరూ దగ్గకూడదు. కాసేపటికి కళ్లు తెరిచి, "రెండో సిలిండర్లో వాల్వు ప్లేటు చిట్లింది" అనేవాడు. విప్పి చూస్తే చిట్లే ఉండేది. ఊళ్లో ఎవరి మిషన్ మొరాయించినా ఆయన్నే బతిమాలి తీసుకెళ్లేవాళ్లు. వెళ్లేటప్పుడు ఆ నడక చూడాలి, పెద్దాసుపత్రి డాక్టరు కూడా అంత దర్జాగా నడవడు.

ఆ కంప్రెసర్ ఇప్పటి యజమాని తండ్రి కొన్నది. మందపాటి గోడల వెనక గదుల నిండా కప్పుదాకా బంగాళాదుంపల బస్తాలు. పంట చేతికొచ్చాక రైతులు తెచ్చి పెట్టుకుంటారు, మంచి ధర వచ్చినప్పుడు తీసుకెళ్లి అమ్ముకుంటారు. ఈలోపు ఎండాకాలమంతా వాళ్లకి ఆ చల్లదనమే దిక్కు. ఆ చల్లదనాన్ని పుట్టించేది మిషన్ గదిలో ఉన్న ఆ ఒక్క ఇనప ముద్ద. మూడు సిలిండర్లు, మనిషెత్తు చక్రం, దాని మీద నల్లటి బెల్టులు. అమ్మోనియాని పీల్చి, నొక్కి, పైపుల్లోకి తోస్తూ ఉంటుంది. అది ఆగితే గదులు వేడెక్కుతాయి, దుంపలకి చెమటలు పడతాయి, మొలకలొస్తాయి, కుళ్లుతాయి. అందుకే ఏటా స్టోరేజీ ఖాళీ అయ్యాక, కొత్త పంట రాకముందు, ఆ ముసలి కంప్రెసర్ని ఉంచాలా మార్చాలా అని ఒక ప్రశ్న లేచేది.

ఇంకో చోటయితే ఆ ప్రశ్నకి కొలతలూ పరీక్షలూ ఉంటాయేమో. ఇక్కడ మేస్త్రి ఉన్నాడు. ఖాళీ స్టోరేజీలో మిషన్ని నడిపిస్తారు. అందరూ గోడవారకి జరుగుతారు. మేస్త్రి స్క్రూడ్రైవర్ ఆనించి వింటాడు. యజమాని చేతులు కట్టుకుని, "ఏం మేస్త్రీ, ఈ ఏడు లాగుతుందా?" అని అడుగుతాడు. మేస్త్రి వెంటనే చెప్పడు. గుడ్డతో చేతులు తుడుచుకుంటాడు, ఆ గుడ్డని మడుస్తాడు, అప్పుడు నోరు విప్పుతాడు. "లాగిస్తాను సార్." దీన్ని మాట అడగడం అనేవాళ్లు. ఆ మాట పడ్డాక ఆ ఏడాదికి ఇంకెవరూ ఆ ఊసెత్తేవాళ్లు కాదు.

ఆ మాటకి అంత విలువ ఊరికే రాలేదు. ఒకసారి కంపెనీ ఇంజనీరు వచ్చి, మీటరు పెట్టి చూసి, షాఫ్టు పోయింది, మిషన్ మొత్తం మార్చాల్సిందే అన్నాడు. మేస్త్రి విని, "షాఫ్టుకేం కాలేదు, చక్రం బోల్టు వదులైంది" అన్నాడు. స్పానర్ తెచ్చి ఒక్క బిగింపు బిగించాడు, చప్పుడు ఆగిపోయింది. యజమాని ఆ కథని కనపడ్డవాళ్లకల్లా చెప్పుకున్నాడు. చెప్పినప్పుడల్లా మేస్త్రి చెవి ఇంకాస్త పెరిగింది. ఇంజనీరు మీటరు మాత్రం ఆ గుమ్మంలో చాలా ఏళ్లు తలెత్తుకోలేదు.

మిషన్ గదిలో పనిచేసేవాళ్లకి చెవులు కప్పుకునే డిప్పలు ఇచ్చారు ఒకప్పుడు. మేస్త్రి తనవి మేకుకి తగిలించాడు, అవి అక్కడే దుమ్ముకొట్టుకుపోయాయి. రెండో షిఫ్టులో పనిచేసే బావమరిది చెవుల్లో దూది పెట్టుకుంటే అందరి ముందూ పట్టుకుని ఏడిపించాడు. "చెవులు మూసుకుని మిషన్ నడుపుతావట్రా? కళ్లు మూసుకుని సైకిల్ తొక్కు, అదీ చూద్దాం." అందరూ నవ్వారు. బావమరిది దూది తీసి పారేశాడు. మేస్త్రి అన్నదాంట్లో నిజం లేకపోలేదు. మిషన్లో తేడా పట్టాలంటే చెవి తెరిచే ఉంచాలి. తెరిచి ఉంచితే ఆ చప్పుడు చెవిని రోజుకింత కొరుక్కు తింటుంది. ఏ చెవితో పేరు తెచ్చుకున్నాడో ఆ చెవినే ఆ గదికి మేత వేస్తున్నానని ఆయనకి తెలియలేదు. తెలుసుకోవాలనీ అనుకోలేదు.

ముందు తెలిసింది ఆయన భార్యకి.

స్టోరేజీ వెనక క్వార్టర్సులో వాళ్లవి రెండు గదులు. ముందు గదిలో ఆమె కుట్టు మిషన్ ఉండేది. పెళ్లయిన కొత్తలో ఆయన లోపలి గదిలో మంచం మీద పడుకునే, "సూది వంకరపోయింది చూసుకో", "షటిల్లో దారం పీచు పడింది" అని కేకేసి చెప్పేవాడు. ప్రతిసారీ నిజమే అయ్యేది, ప్రతిసారీ ఆమెకి ఒళ్లు మండేది. తన మిషన్ సంగతి తనకంటే ముందు మొగుడికి తెలియడం ఏ ఆడమనిషికి నచ్చుతుంది? అలాంటిది ఒకరోజు మధ్యాహ్నం, ఆయన పక్కనే కూర్చుని అన్నం తింటుండగా, సూది విరిగి ప్లేటు మీద కీచుమని గీరింది. ఆమె పళ్లు జివ్వుమన్నాయి. ఆయన తలెత్తలేదు. "ఇన్ని నీళ్లు పొయ్యి" అన్నాడు. ఆమె లేవకుండా, కావాలనే, ఆ విరిగిన సూదితో ఇంకాస్త తొక్కింది. ఆయన చెయ్యి చాపి తనే చెంబు అందుకున్నాడు.

ఆ రోజు నుంచి ఆమె కనిపెట్టి చూడటం మొదలుపెట్టింది. లావు చప్పుళ్లు వినపడుతున్నాయి. తలుపు దబదబా బాదితే లేస్తాడు, లారీ వస్తే పక్కకి తప్పుకుంటాడు. సన్నవి పోయాయి. ఫోను మోగడం, కుక్కర్ కూత, గ్లాసు కిందపడి పగలడం, ఇవేవీ ఆయన దాకా చేరడం లేదు. మనుషుల మాట సగం విని, మిగతా సగం పెదవుల్ని చూసి పూరించుకుంటున్నాడు. ఆమె గొంతు పెంచింది. పెంచిందని ఆయనకి తెలియకూడదు కాబట్టి కోపం నటించింది. "ఈమధ్య నీ నోరు మరీ లేచింది" అని ఆయన విసుక్కున్నాడు. పక్క క్వార్టరువాళ్లు మొగుడూ పెళ్లాలకి పడటం లేదనుకున్నారు. ఆయన చెవి పేరు నిలబెట్టడానికి ఆమె గయ్యాళి అన్న పేరు మోసింది.

డాక్టరు మాట ఎత్తకపోలేదు. "చెవిలో గుబిలి పేరుకుంటుందట, ఒకసారి చూపించుకోకూడదూ?" అంది, అదేదో మాటవరసకి అన్నట్టు. ఆయన కంచంలో చెయ్యి కడుక్కుని లేచిపోయాడు. గుమ్మం దగ్గర ఆగి, "ఊళ్లో మిషన్లన్నిటికీ నేను డాక్టర్ని. నాకో డాక్టరా?" అన్నాడు. ఆ తర్వాత ఇంట్లో మాటాపలుకూ లేదు, తిండీ సరిగ్గా తినలేదు. ఆమె మళ్లీ ఆ జోలికి పోలేదు.

ఎందుకు దాచింది అంటే, మొగుడి మీద ప్రేమ అని చెప్పేయొచ్చు. అది కొంతే. ఆ రెండు గదులూ ఉద్యోగంతో వచ్చినవి, ఉద్యోగం పోతే అవీ పోతాయి. అదీ కొంతే. అసలు సంగతి ఏమిటంటే ఆమెకి మేస్త్రి పెళ్లాంగా బతకడం బాగుంది. కుళాయి దగ్గరికి వెళ్తే మిగతా ఆడవాళ్లు బిందె జరిపి దారిచ్చేవాళ్లు. యజమాని భార్య కూడా ఆమెని వదినా అని పిలిచేది. చెవిటివాడి పెళ్లాం వెళ్తే ఎవరు జరుపుతారు బిందె? ఆమె ఈ మాట ఎప్పుడూ పైకి అనలేదు, తనతో తను కూడా అనుకోలేదు. కానీ ఆమె చేసిన ప్రతి పనిలోనూ అది ఉంది.

ఇక ఆమె తమ్ముడు, దూది తీసి పారేసిన ఆ బావమరిది. తల్లి పోయాక ఆమే పెంచింది. పెద్దవాడయ్యాక మొగుణ్ని బతిమాలి స్టోరేజీలో పెట్టించింది. వాడికి వసపిట్ట అని పేరు, నోరు మూసుకుని కూర్చోవడం ఒక్కటే చేతకాని విద్య. ఎవరు ఎలా మాట్లాడతారో అచ్చం అలాగే చేసి చూపించేవాడు. యజమాని దగ్గు, లారీ డ్రైవర్ల బూతులు, చివరికి బావ కళ్లు మూసుకుని మిషన్ని వినే తీరు కూడా. హమాలీలు పని ఆపి మరీ చుట్టూ చేరేవాళ్లు. వాడు ఉంటే ఆ చలిగదుల్లో కూడా పొద్దుపోయేది.

ఆ ఏడు స్టోరేజీ ఖాళీ అవుతున్న రోజుల్లో వాడు అక్క దగ్గరికి వచ్చి కూర్చున్నాడు. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. అదే ఆమెకి కంగారు పుట్టించింది.

"ఏమైందిరా?"

"మిషన్ లోపల ఏదో కొట్టుకుంటోందక్కా. టక్కు టక్కుమని, ఇనప ముక్కతో గిన్నె మీద కొడుతున్నట్టు. మొదట్లో అప్పుడప్పుడూ వచ్చేది. ఇప్పుడు ఆగడం లేదు."

"మీ బావకి చెప్పావా?"

"చెప్పాను. విన్నాడు. నీ చెవుల్లో దూది ఇంకా ఉన్నట్టుంది, తీసుకో అని నవ్వాడు." వాడు ఆమె కళ్లలోకి చూశాడు. "బావకి వినపడటం లేదు. నీకు తెలుసు కదూ?"

ఆమె కుట్టు మిషన్ చక్రం తిప్పుతూ కూర్చుంది. దారం లేదు, బట్ట లేదు, ఊరికే తిప్పుతోంది.

"ఇంజనీరు వస్తున్నాడట, ఈసారి యజమాని కొత్తది కొనడానికి సిద్ధంగానే ఉన్నాడు" అన్నాడు తమ్ముడు. "బావ ఒక్కసారి సరే అంటే చాలు. అనడు. నేనే వెళ్లి యజమానికి చెప్తాను. అది విరిగితే ఆ గదిలో ఎవరుంటే వాళ్ల పని అయిపోయినట్టే. అమ్మోనియా గ్యాసు అక్కా అది, నీటి ఆవిరి కాదు."

"ఏమని చెప్తావు? మా బావకి చెవుడు అనా?"

"కొట్టుకుంటోందని చెప్తాను."

"మరి మేస్త్రికి వినపడలేదేం అంటారు. అప్పుడేం చెప్తావు?" ఆమె గొంతు లేచింది. ఇది నటన కాదు. "నీకు అన్నం పెట్టిన మనిషిరా ఆయన. నలుగురిలో ఆయన్ని చెవిటివాణ్ని చేసి నిలబెడతావా? ఆ తర్వాత ఆయన ఇంటికొచ్చి ఏం చేసుకుంటాడో నీకు తెలుసా? నోరెత్తావంటే నా మీద ఒట్టే."

"అక్కా, అది కాదు..."

"ఒక్క సీజను. ఈ ఒక్క సీజను పోనివ్వు. నేనే ఎలాగో ఒప్పించి డాక్టరు దగ్గరికి తీసుకెళ్తాను. అంతవరకు నీ నోరు కట్టేసుకో."

వాడు లేచి వెళ్లిపోయాడు. ఎలా ఒప్పిస్తుందో ఆమెకి తెలియదు, ఒప్పించగలదని నమ్మకమూ లేదు. అప్పటికి గండం గట్టెక్కింది, అంతే చాలనుకుంది.

మాట అడిగే రోజున ఆమె క్యారియరు పట్టుకుని మిషన్ గది గుమ్మంలోనే ఉంది. తేవాల్సిన వేళ కాదది. అన్నం వంకతో తమ్ముణ్ని చూసుకోవడానికి వచ్చింది. ఇంజనీరు అరచేతిలో పట్టే పరికరం ఒకటి మిషన్కి ఆనించి, తెర మీద అంకెల్ని యజమానికి చూపించాడు. "లోపల మెయిన్ బేరింగు అరిగిపోయిందండీ. పిస్టన్ని కదిపే రాడ్ మీద దెబ్బ పడుతోంది. నేనైతే దీన్ని ఇంక ఒక్కరోజు కూడా నడపను. కొత్తది పిస్టన్లు లేనిది, స్క్రూలతో తిరుగుతుంది, ఇలా దడదడలాడదు." యజమాని తలూపి, అలవాటు చొప్పున మేస్త్రి వైపు తిరిగాడు.

మేస్త్రి స్క్రూడ్రైవర్ తీశాడు. అంతా గోడవారకి జరిగారు. గుమ్మంలోకి కూడా ఆ టక్కు టక్కు స్పష్టంగా వినపడుతోంది, ఎవరో లోపల కూర్చుని తలుపు కొడుతున్నట్టు. హమాలీలకి వినపడింది. గుమాస్తాకి వినపడింది. మిషన్లో అలాంటి చప్పుడు ఉండాల్సిందేనేమో, మేస్త్రి ఉన్నాడుగా అని వాళ్లు ఊరుకున్నారు. మేస్త్రి కళ్లు మూసుకున్నాడు. ఆయన ముఖం మెల్లమెల్లగా విచ్చుకుంది. ఆ సంతోషం నిజమైనదని ఆమెకి తెలిసిపోయింది. ఆయనకి ఆ ముసలి మిషన్ ఎన్నడూ లేనంత మెత్తగా నడుస్తోంది. గరగరలు లేవు, కీచులు లేవు. ఒక్క దబ్ దబ్ తప్ప లోపల అంతా ప్రశాంతం.

"ఏం మేస్త్రీ?" అన్నాడు యజమాని, ఆయన కళ్లు తెరిచాక.

మేస్త్రి గుడ్డ మడిచాడు. "పోయినేడు కంటే కుదురుగా ఉంది సార్. మొన్న విప్పినప్పుడు నేను వేసిన బేరింగు బాగా కూర్చుంది. ఈ ఏడు కూడా లాగిస్తాను."

"బావా..." అన్నాడు తమ్ముడు.

అందరూ అటు చూశారు. వాడు అక్క వైపు చూశాడు. ఆమె క్యారియరు పిడిని పట్టుకుని, తల అడ్డంగా ఊపింది. అంత చిన్న ఊపు ఇంకెవరి కంటా పడలేదు.

"అన్నం చల్లారిపోతోంది బావా" అన్నాడు వాడు. వసపిట్ట ఇక్కడ కూడా ఊరుకోలేకపోయాడని అందరూ నవ్వారు. ఇంజనీరు పరికరం సంచిలో పెట్టుకున్నాడు. యజమాని ముఖంలో ఖర్చు తప్పిన నిశ్చింత కనిపించింది. ఆమె క్యారియరు అక్కడ పెట్టి ఇంటికి నడిచింది, బతికిపోయాం అనుకుంటూ.

ఎండలు ముదిరాక ఒక మధ్యాహ్నం అది విరిగింది. గదులు నిండుగా ఉన్నాయి, మిషన్ ఊపిరి సలపకుండా నడుస్తోంది, తమ్ముడి షిఫ్టు. ఆమె జాకెట్టుకి చేతులు అతుకుతోంది. ముందు పెద్ద చప్పుడు, గోడకి తగిలించిన అద్దం ఊగింది. తర్వాత అరుపులు, ఆ వెంటనే కళ్లు మండించే వాసన. క్వార్టర్సు క్వార్టర్సంతా వీధిలోకి వచ్చేసింది. రాత్రి షిఫ్టు చేసి వచ్చిన మేస్త్రి మాత్రం మంచం మీద గాఢనిద్రలో ఉన్నాడు. ఇప్పుడు లావు చప్పుళ్లూ ఆయన్ని వదిలేస్తున్నాయి, ఆమె భుజాలు పట్టి కుదిపితే గానీ లేవలేదు.

రాడ్ తెగి, మిషన్ ఇనప ఒంటిని బద్దలు కొట్టుకుని బయటికొచ్చింది. ఆ కన్నంలోంచి అమ్మోనియా ఎగదన్నింది. తమ్ముడు మొదట అందరితో పాటే బయటికి పరిగెత్తాడు. పైపుల వాల్వులు మూయకపోతే గ్యాసంతా అక్కడే ఖాళీ అవుతుందని, లోపలి గదుల్లో ఇంకా హమాలీలున్నారని గుర్తొచ్చి, తువ్వాలు తడిపి మూతికి చుట్టుకుని మళ్లీ లోపలికి వెళ్లాడు. ముఖానికి తొడుక్కునే ముసుగు ఉంది. దాన్ని పెట్టిన బీరువా మిషన్కి అవతలి వైపున ఉంది. వాడు వాల్వులు మూశాడు. హమాలీలు వెనక తలుపు నుంచి బయటపడ్డారు. వాణ్ని మాత్రం మోసుకొచ్చారు.

బతికాడు. గొంతులో స్వరపేటిక కాలిపోయింది. ఇంక గాలే వస్తుంది గానీ గొంతు రాదని డాక్టరు చెప్పాడు. చెవి దగ్గర పెట్టి వింటే మాట తెలుస్తుంది, అంతే. ఆసుపత్రి మంచం పక్కన ఆమె వంగి కూర్చుని ఆ గాలి మాటల్ని ఏరుకునేది. మేస్త్రి రోజూ వచ్చి బావమరిది కాళ్ల దగ్గర కూర్చునేవాడు. వాడు ఏదో అనేవాడు, ఆయనకి పెదవులు కదలడం కనిపించేది, మీసాల చాటున ఏ మాటో తెలిసేది కాదు. "నాతో మాట్లాడటం లేదు వీడు, కోపమొచ్చింది" అని ఆమెతో అనేవాడు.

స్టోరేజీలో దుంపలు కుళ్లాయి. ఆ కంపు క్వార్టర్సులో అన్నం ముద్ద దాకా వచ్చింది. రైతులు గేటు దగ్గర గుమిగూడారు, ఒకాయన తన బస్తాల పక్కన కూర్చుని ఏడ్చాడు. యజమాని మేస్త్రిని పల్లెత్తు మాట అనలేదు. "నువ్వే కదా మేస్త్రీ లాగిస్తానన్నావు" అని ఒక్కసారి అన్నాడు, అంతే. తిట్టినా బాగుండేది. ఆ మాట మేస్త్రిని లోపల పొడిచింది. పొడుచుకున్న ముల్లు తీసి పక్కవాడికి గుచ్చడం మనుషులకి ఎప్పుడూ ఉన్నదే. "నేను విన్నరోజు మిషన్ బంగారంలా ఉంది సార్" అన్నాడు, గుమాస్తా, హమాలీలు అంతా ఉండగా. "మనవాడే వాల్వు ఎక్కువ తిప్పి లోడు పెంచేసుంటాడు. వాడి చెయ్యి దురుసు." రెండు రోజులు తిరక్కుండానే అది ఊళ్లో నిజమైపోయింది. వసపిట్ట కబుర్లలో పడి మిషన్ తగలేశాడని చెప్పుకున్నారు. వాడు ఆసుపత్రిలోంచి వచ్చాక ఎవరూ చుట్టూ చేరలేదు. చేరినా వాడి దగ్గర వినడానికి ఏముంది?

ఆమెకి అన్నీ తెలుసు. మొగుణ్ని ఆపలేదు. ఇప్పుడు నిజం చెబితే ఒక్క నిజంతో పోదు, దాని వెనక తను తమ్ముడి నోరు కట్టేసిన సంగతి కూడా బయటికొస్తుంది. తమ్ముడికి జావ కాచింది, బట్టలు ఉతికింది, మందులు మింగించింది. ఆ ఒక్క మాట తప్ప వాడికి ఏం కావాలన్నా చేసింది.

యజమాని చివరికి కొత్త కంప్రెసర్ తెప్పించాడు. మొదటిసారి నడిపే రోజున అందర్నీ రమ్మన్నాడు. మేస్త్రిని ప్రత్యేకంగా పిలిచాడు, పాత మర్యాద. మేస్త్రి ఉతికిన చొక్కా వేసుకుని, జేబులో స్క్రూడ్రైవర్ పెట్టుకుని వెళ్లాడు. ఆమె వెళ్లింది. గేటు దగ్గర కూర్చునే పని ఇచ్చారు కాబట్టి తమ్ముడూ వచ్చి ఒక పక్కన నిలబడ్డాడు. మిషన్ ఆకుపచ్చ రంగులో, పాతదానిలో సగం కూడా లేదు. చక్రాలు లేవు, బెల్టులు లేవు, కదిలే భాగం ఒక్కటీ బయటికి కనపడదు.

ఇంజనీరు బోర్డు మీద మీట నొక్కాడు. సన్నటి ఈల లాంటి చప్పుడు మొదలై, పెరిగి పెరిగి గదంతా నిండిపోయింది. గుమాస్తా చెవులు మూసుకున్నాడు. హమాలీలు ముఖాలు చిట్లించి నవ్వుకున్నారు. యజమాని ఇంజనీరు చెయ్యి పట్టుకుని ఊపాడు.

మేస్త్రి చేతులు వెనక్కి కట్టుకుని నిలబడే ఉన్నాడు. కాసేపు చూశాడు. ఇంకాసేపు చూశాడు.

"ఇంకా ఎందుకు సార్ ఆలస్యం?" అన్నాడు. "మొదలెట్టమనండి, విందాం."

నవ్వులు ఆగిపోయాయి. యజమాని ఆయన వైపు తిరిగాడు. గుమాస్తా చెవుల మీంచి చేతులు తీశాడు. మేస్త్రి ఒక్కొక్కరి ముఖమే చూసుకుంటూ వచ్చాడు. భార్య ముఖం దగ్గర ఆగాడు. ఆమె తల వంచుకుంది. ఆయన మెల్లగా ముందుకెళ్లి, స్క్రూడ్రైవర్ తీయకుండా, అరచేతిని ఆకుపచ్చ రేకు మీద పెట్టాడు. అరచేతికి తెలిసింది.

చాలాసేపు చెయ్యి తీయలేదు. తీసి, ఆ చేతినే చూసుకున్నాడు. తర్వాత బావమరిది వైపు తిరిగాడు.

"అయితే ఆ రోజు కొట్టుకుంటోందన్నావే, నిజమేనా?"

తమ్ముడు తలూపాడు.

"నీకు తెలుసా, నాకు..." ఆయన చెవి వైపు చెయ్యి ఎత్తి, దించేశాడు.

మళ్లీ తలూపాడు.

"మరి అందరి ముందూ అనలేదేంరా?" మేస్త్రి గొంతు పగిలింది. "అప్పుడు నోరుంది కదరా నీకు! నా మొహమ్మీద అనుంటే నిన్ను నేనేం చేసేవాణ్ని? ఎందుకు చెప్పలేదు?"

తమ్ముడు దగ్గరికొచ్చి బావ చెవిలో చెప్పాడు. గాలి తగిలింది, మాట తగల్లేదు. మేస్త్రి తల అటూ ఇటూ తిప్పి ఇంకో చెవి పెట్టాడు. తమ్ముడు మళ్లీ చెప్పాడు, మెడ నరాలు ఉబ్బేలా. పక్కనే నిలబడ్డ ఆమె ఒక్కతికే ఆ మాట అందింది.

అక్క వద్దంది.

మేస్త్రి ఆమె వైపు తిరిగాడు. "ఏమంటున్నాడు?"

అందరూ ఆమెనే చూస్తున్నారు. ఆయనకి వినపడేలా చెప్పాలంటే ఆ ఈల చప్పుడు మీదుగా, గదంతా వినపడేలా అరవాలి. యజమాని ఉన్నాడు. గుమాస్తా ఉన్నాడు. బిందె జరిపే ఆడవాళ్ల మొగుళ్లున్నారు. ఆమె గొంతు సవరించుకుంది. అరవడం ఆమెకి ఏళ్లుగా అలవాటే.

"మీరంటే భయమేసిందట!" అని అరిచింది. "తిడతారని భయపడి చెప్పలేదట!"

మేస్త్రి అక్కడే కింద కూలబడ్డాడు. "నా వల్లే" అన్నాడు. బావమరిది రెండు చేతులూ పట్టుకుని తన కళ్లకి అద్దుకున్నాడు. "నిన్ను భయపెట్టి నీ గొంతు పోగొట్టానురా. ఆ పైన తప్పు నీదేనని ఊరంతా చాటాను. నన్ను మనిషంటారా?" అందరి ముందూ, చిన్నపిల్లాడిలా, సిగ్గు లేకుండా ఏడ్చాడు. యజమాని ముఖం తిప్పుకున్నాడు. హమాలీల్లో ఒకడు, మేస్త్రికి అంత పొగరు పనికిరాదు అని పక్కవాడితో అన్నాడు.

తమ్ముడు చేతులు విడిపించుకోలేదు. బావ తల మీదుగా అక్కని చూశాడు. ఆమె చూపు తప్పించలేకపోయింది. వాడి పెదవులు కదిలాయి.

"ఇది కూడా చెప్పనివ్వవా అక్కా?"

మేస్త్రి తడి కళ్లతో తలెత్తి, మొదట వాడి పెదవుల్ని, ఆ తర్వాత ఆమెని చూశాడు.

"ఏమంటున్నాడు?" అని అడిగాడు.